పొయ్యి వెలిగించని గురువారం

పలెర్మో, బల్లరో సంత వీధి
జనవరి 7

తనీనాకు,

కవరు మీద సిస్టర్ స్కొలాస్టికా అని రాసింది పోస్టువాడి కోసం. లోపల నువ్వు తనీనావే. అమ్మ పెట్టిన పేరు మార్చే హక్కు నీ మఠానికి ఉందేమో కాని, కొత్త పేరుతో నాచేత పిలిపించే హక్కు లేదు.

మదర్ గారూ, నమస్కారం. మఠంలోకి వచ్చే ప్రతి ఉత్తరం ముందు మీ చేతిలోనే పడుతుందని తెలుసు. ఇది కొంచెం ఘాటుగా ఉంటుంది, ఏమనుకోకండి.

అమ్మ పోయినప్పటి నుంచి మనిద్దరి మధ్య మాటా మంచీ లేవు. ఇప్పుడు రాస్తున్నది ప్రేమ పొంగుకొచ్చి కాదు, పని పడి. నేను పనిచేసే బొత్తాల కొట్టు మూతపడింది. ఈ వయసులో ఎవరు పిలిచి కొలువిస్తారు? చివరికి ఊరు చూడవచ్చే పరదేశులను పాత వీధుల్లో నడిపిస్తూ, ఆగిన చోటల్లా ఏదో ఒకటి తినిపిస్తూ కబుర్లు చెప్పే పని దొరికింది. నాకు వచ్చిన ఇంగ్లీషు గుప్పెడు, చేతులు తిప్పడం బుట్టెడు. రెండూ కలిపి నెట్టుకొస్తున్నాను.

ఆ కంపెనీవాళ్లు నా నడకకు ఆఖరి మజిలీగా మీ మఠాన్ని పెట్టారు. గోడలో చెక్క చక్రం ఉంటుంది, డబ్బు పెట్టి గంట కొడితే అది తిరుగుతుంది, బాదంముద్దతో పళ్లలా చేసిన మిఠాయిలు ఇవతలికి వస్తాయి, ఇచ్చిన మనిషి మాత్రం కనబడదు. ఈ విడ్డూరం కోసమే వాళ్లు సముద్రాలు దాటి వస్తున్నారట. ప్రతి గురువారం మధ్యాహ్నం ముందు తీసుకొస్తాను. చిన్న పెట్టెలు కట్టి ఉంచండి. చక్రం వెనక నువ్వుంటే నోరు మెదపకు. నేను మాట్లాడేది నా జనంతో, నీతో కాదు.

చుట్టాలను కలిసే మీ జాలీ గదికి వచ్చి చూడమని కూడా పిలవొద్దు. తోబుట్టువును ఇనపకమ్మీల సందుల్లోంచి చూసే కర్మ జైలు వాకిట్లో నిలబడేవాళ్లది.

నా కోపం దేనికో నీకు తెలుసు, మదర్ గారికి తెలియకపోవచ్చు, అందుకని రాస్తున్నాను. అమ్మ పోయిన మూడు రోజులూ మా ఇంట్లో పొయ్యి వెలగలేదు. చావింటివాళ్లు వండుకోరు, ఇరుగుపొరుగు తెచ్చిపెట్టే ఓదార్పు కూడు తింటారు. వీధి వీధంతా తెచ్చింది. రెండో రోజు మఠం నుంచీ ఒక కుండ వచ్చింది, సన్న సేమ్యా వేసిన కోడి రసం, పొగలు కక్కుతూ. ఓదార్పు కూడు ఎవరు పంపుతారండీ? పరాయివాళ్లు. కూతురు ఎక్కడున్నా కూతురి పొయ్యి ఆరిపోవాలి. నా చెల్లెలి పొయ్యి నిక్షేపంగా మండుతోందని ఆ కుండ వచ్చి చెప్పింది. ఆ రసాన్ని వీధికుక్కలకు పోశాను.

నింఫా


మఠం
జనవరి 28

అక్కా,

నీ ఉత్తరం మదర్ గారు చదివి నాకిస్తూ, ఘాటు సరిపోయింది అన్నారు.

నువ్వు చెప్పినట్టే మూడు గురువారాలుగా నోరు మెదపలేదు. చక్రం పక్కన చిన్న పీట వేసుకుని కూర్చుంటున్నాను. మేం వెన్నెట్లో బాదంపప్పు ఒలుస్తామని, పళ్లకు రంగులేస్తున్నంతసేపూ స్తోత్రాలు పాడతామని నీ జనానికి చెబుతున్నావు. మేం ఒలిచేది ట్యూబులైటు కింద. రంగులేసేటప్పుడు సిస్టర్ ప్లాచీదా తన మోకాళ్ల నొప్పుల గురించి చెబుతుంది. అయినా నువ్వు చెబుతుంటే నాకే మా మఠం మీద గౌరవం పెరిగింది.

కుండ సంగతి. ఆ రోజుల్లో నేను వంటింటి పనిలో ఉన్నాను. అమ్మ పోయిందని పూజ అయ్యాక చెప్పారు. బయటికి వెళ్లకూడదు, అది నేను ఒప్పుకుని వచ్చిన నియమమే. ఈ గోడ దాటి అమ్మ ఉన్న ఇంటికి వెళ్లగలిగింది ఆ కుండ ఒక్కటే, అక్కా. వండితే పరాయిదాన్ని అవుతానని అప్పుడు తట్టలేదు. నువ్వు రాశాక తట్టింది, రాత్రంతా తడుతూనే ఉంది.

ఇంకొక్క మాట. కుక్కలకు పోసినవాళ్లు కుండను బూడిద పెట్టి అంత తళతళా తోమి పంపరు. ఓదార్పు కూడు వచ్చిన గిన్నె ఖాళీగా తిరిగి వెళ్లకూడదని అమ్మ అనేది కదా. నువ్వు పంపిన కుండలో నిమ్మకాయ ఉంది. దాన్ని ఎండిపోయేదాకా నా గదిలో పెట్టుకున్నాను.

నీ జనాన్ని ఎక్కడెక్కడ తిప్పుతున్నావో నాకు రాయి. నేను ఊరు చూసింది పంతొమ్మిదేళ్ల వయసులో. ఈస్టరు ముందు తపస్కాలం మొదలైతే మాకు ఉత్తరాలు ఉండవు, ఆలోపే రాయి.

నీ తనీనా


బల్లరో
ఫిబ్రవరి 10

తనీనాకు,

నిమ్మకాయ ఎవరు వేశారో నాకు తెలియదు. ఆ మూడు రోజులూ ఇంటి నిండా జనం, ఎవరు తోమారో ఎవరు పంపారో. మదర్ గారూ, నమస్కారం, మీ సిస్టర్ ప్లాచీదా మోకాళ్లకు ఆముదం కాచి రాయమనండి.

అడిగావు కనుక రాస్తున్నాను. పొద్దున్నే సంత మొగలో నీనో మామ దగ్గర మొదలు. ఆయన మారలేదు, నూనె మూకుడు కూడా మారలేదు. సెనగపిండి ఉడికించి, బిళ్లలు కోసి వేయించే పనెల్లెలు అవే. పరదేశులు ఇందులో మాంసం ఉందా, పిండి ఏమిటి, నూనె ఏమిటి అని వంద ప్రశ్నలు వేస్తారు. నీనో మామ చేతులు తుడుచుకుని, "ముందు తినమ్మా, తర్వాత భయపడు" అంటాడు. దాన్ని నేను ఇంగ్లీషులోకి మర్యాదగా మారుస్తాను.

అక్కడి నుంచి చీచో మూడు చక్రాల బండి. ఉల్లిపాయా టమాటా పరిచిన మందపు రొట్టెలు. వాళ్ల నాన్న అరిచిన అరుపే వాడూ అరుస్తాడు, నూనె తక్కువ, దుమ్ము ఎక్కువ అని. తన సరుకును తనే తిట్టుకుని అమ్ముకునేవాడు లోకంలో వీడొక్కడే అని చెబితే నా జనం ఫొటోలు తీస్తారు.

తర్వాత సారో తిల్లి రొట్టెల దుకాణం. దూడ తిల్లీ ఊపిరితిత్తీ కొవ్వులో వేయించి రొట్టెలో పెడతాడని చెప్పగానే సగం మంది మొహాలు పాలిపోతాయి. నిమ్మరసం ఒక్కటే పిండితే కన్నెపిల్ల రొట్టె, పైన చీజ్ చల్లితే పెళ్లయిన రొట్టె. నీకు గుర్తుండే ఉంటుంది. సారో ప్రతి ఒక్కరినీ పెళ్లయిందా లేదా అని అడిగి దాని ప్రకారం ఇస్తాడు. పోయిన వారం ఒక ఆస్ట్రేలియా ఆవిడను అడిగాడు. అయింది, ఆయన ఇప్పుడు లేడు అంది ఆవిడ. నేను దాన్ని మన మాటలోకి మార్చి చెప్పాను. సారో గరిటె కింద పెట్టాడు. తర్వాత చీజ్ చిటికెడు చల్లి ఇచ్చి, ఆవిడ దగ్గర డబ్బు పుచ్చుకోలేదు. ఆవిడ మొత్తం తిన్నది.

వాడు నీ గురించి అడిగాడు. చక్రం వెనక ఉన్నది మీ చెల్లెలేనా అని. ఊరందరిదీ ఒక దారి, దానిదొక దారి అన్నాను. "అలా అనకు నింఫక్కా. ఆవిడ పెళ్లి దేవుడితో కదా, వస్తే దోసెడు చీజ్ వెయ్యాలి" అన్నాడు. నాకు నవ్వు ఆగలేదు, నవ్వుతుంటే దగ్గు వచ్చింది.

ఈ మధ్య గొంతు బొంగురుపోతోంది. సంతలో వంద మంది అరుపుల మీద నేను అరవాలి, పైగా దుమ్ము. నీనో మామ కూతురు డెబోరాను సాయానికి పెట్టారు. చూయింగ్ గమ్ నములుతూ చరిత్ర చెబుతుంది. నేర్చుకుంటుందిలే.

నింఫా


మఠం
ఈస్టరు తర్వాతి సోమవారం

అక్కా,

తపస్కాలమంతా రాయలేక చెవులు రిక్కించుకుని కూర్చున్నాను. గోడ ఇవతల ఇన్నేళ్లు ఉన్నదానికి చెవులే కళ్లు. మార్చి మొదట్లో నీ గొంతు గీరుకుపోయి వినబడేది. తర్వాత సగం నువ్వూ సగం ఆ పిల్లా చెప్పేవారు. ఇప్పుడు వరసగా కొన్ని వారాలు ఆ పిల్లే. గంట కొట్టడం కూడా ఆమెదే, రెండుసార్లు కొట్టాల్సింది ఆలయం గంటలా వాయిస్తుంది.

నేను నియమం తప్పాను. చక్రంలోకి వంగి, అక్క ఏది అని అడిగాను. నమలడం ఆగింది. "నింఫత్తకు జలుబండీ సిస్టర్" అంది. ఏ జలుబు అక్కా ఇన్ని వారాలు ఉండేది?

జాలీ గదికి పిలవొద్దన్నావు. పిలుస్తున్నాను. మదర్ గారు ఏ రోజైనా రమ్మన్నారు. కమ్మీలు కనబడకుండా దుప్పటి కప్పిస్తాను. నువ్వు అవతల, నేను ఇవతల. రా.

నీ తనీనా


బల్లరో
జూన్ 4

తనీనాకు,

జలుబు కాదు. గొంతులో ఏదో పెరిగింది. పెద్దాసుపత్రిలో చూశారు. దాన్ని తియ్యాలి, తీస్తే దానితోపాటు మాట పలికించే గొంతు పెట్టె కూడా పోతుందట. ఆ డాక్టరు డెబోరా ఈడువాడు, నా మొహంలోకి చూడలేక కాగితంలోకి చూస్తూ చెప్పాడు. గురువారం నడక అయ్యాక తీయించుకోవచ్చా అని అడిగాను. అప్పుడు తలెత్తాడు.

నోరు మంచిదైతే ఊరు మంచిదంటారు. నా నోరు ఎప్పుడు మంచిది కనుక. పోనీలే అని ఒకసారి, ఎలా బతకను అని ఒకసారి అనిపిస్తోంది. నీ దగ్గర దాచడం దేనికి, రాత్రిళ్లు భయంగా ఉంది.

జాలీ గదికి రాను. నీ మనసులో ఉన్న అక్క బొత్తాల కొట్టు అక్క, ఆమెనే ఉంచుకో. కాని వచ్చే గురువారం నేనే వస్తాను. గొంతుతో వచ్చేది అదే ఆఖరు. చక్రం ముందు నా జనానికి ఇంగ్లీషులో ఏమీ చెప్పను, మన సంత మాటలో చెబుతాను. వాళ్లకు ఒక్క ముక్కా అర్థం కాదు. నువ్వు చెవి పెట్టుకుని ఉండు.

మదర్ గారూ, నమస్కారం. ఆ ఒక్క పూటా చక్రం దగ్గర వేరెవరినీ కూర్చోబెట్టకండి.

నింఫా


మఠం
జూన్ 14

అక్కా,

విన్నాను. గొంతు గాలిలా ఉంది, అయినా ప్రతి మాటా విన్నాను.

అమ్మ ఆఖరి రోజున మంచం మీద లేచి కూర్చోవాలని చూసిందని, నువ్వు మంచినీళ్లు పడుతుంటే గ్లాసు పక్కకు తోసి, "చిన్నది తిన్నదా?" అని అడిగిందని చెప్పావు. నువ్వు జవాబు చెప్పలేదన్నావు. నేను లోపలికి వచ్చిన రోజు నుంచీ అమ్మ నా పేరెత్తలేదని అనుకుంటూ బతికాను. నువ్వు నాకు ఇది ముందే చెప్పి ఉండాల్సింది. చెప్పనందుకు నాకు కోపం వచ్చింది, ఎక్కువసేపు ఉండలేదు.

నువ్వు ఆపగానే నీ జనం చప్పట్లు కొట్టారు. అదీ నడకలో ఒక వేడుకే అనుకున్నారు పాపం. ఆ చప్పట్లలో నేను "తిన్నాను అమ్మా" అని గట్టిగా చెప్పి ఉండొచ్చు, ఎవరికీ వినబడేది కాదు. గొంతు నీకు పోతుంటే మాట నాకు రాలేదు. ఖాళీ చక్రాన్ని తిప్పాను. అది నేనే అని నీకు తెలిసి ఉంటుంది.

ఇకమీదట వచ్చినప్పుడు చెక్క మీద రెండుసార్లు తట్టు. చిన్నప్పుడు గోడకు అటొకరం ఇటొకరం మంచాల మీద పడుకుని తట్టుకునేవాళ్లం, అలా.

నీ తనీనా


బల్లరో
నవంబరు 3

తనీనాకు,

గొంతు మీద కోత పెట్టిన చోట గుడ్డ చుట్టుకుంటున్నాను, రంగురంగులవి. గంగిరెద్దులా ఉన్నానని నీనో మామ అన్నాడట, డెబోరా చెప్పింది. ఇప్పుడు నేను మూగ గైడును. ముందు నేను గొడుగెత్తి నడుస్తాను, వెనక అది మాట్లాడుతుంది. అది తప్పు చెబితే గొడుగుతో పొడుస్తాను. చూయింగ్ గమ్ మానేసింది. మొత్తం దారి నడవలేకపోతున్నాను, సారో దుకాణం ముందు కుర్చీ వేసి కూర్చోబెడతాడు. మీ మఠం దాకా మాత్రం ఎలాగో వస్తున్నాను. తడుతున్నాను కదా. నువ్వు తిరిగి తడుతుంటే చెక్కలోంచి అరచేతికి తెలుస్తోంది.

నిన్న చనిపోయినవాళ్ల పండుగ. పిల్లలకు చక్కెర బొమ్మలు కొన్నారు అందరూ. చచ్చినవాళ్లు రాత్రి వచ్చి మంచి పిల్లలకు మిఠాయిలు పెడతారు, పెంకి పిల్లల పాదాలు చీజ్ తురిమే రేకుతో గీరతారు అని అమ్మ భయపెడితే, మనిద్దరం ఆ రేకును పిండి డబ్బాలో దాచేవాళ్లం. ఆదివారం సేమ్యాలోకి అది దొరక్క అమ్మ మనల్ని తిట్టేది. వచ్చే ఏడు నేను ఆ వరసలో వస్తే ముందు నీ పాదాలే గీరతాను. మీ వంటింటి రేకు జాగ్రత్తగా దాచుకో.

నవ్వు కోసం రాశాను, కాని నిజమే రాశాను. గొంతులోది మళ్లీ వచ్చింది. ఈసారి కోయడానికి చోటు లేదన్నాడు ఆ కుర్ర డాక్టరు. ఈసారి మొహంలోకి చూసే చెప్పాడు, మెచ్చుకున్నాను.

నాది ఒక్కటే కోరిక. నేను పోతే మా ఇంట్లో ఆర్పడానికి పొయ్యి కూడా ఉండదు. నాకు మొగుడూ పిల్లలూ లేరు, నా ఇల్లంటే ఇక నువ్వే. నువ్వు కుండ పంపకు. మీ పొయ్యి ఆర్పు. చెల్లెలి పొయ్యి ఆరింది అనిపించుకో. ఆ ఒక్కటీ చాలు నాకు.

మదర్ గారూ, నమస్కారం. ఇది మీకు కూడా రాస్తున్నాను. క్రిస్మస్ ముందు మీ మఠానికి పొయ్యి ఎంత అవసరమో తెలిసే అడుగుతున్నాను.

నింఫా


మఠం
డిసెంబరు 16

అక్కా,

క్రిస్మస్ ముందు ఆగమన కాలంలో మేం ఉత్తరాలు రాయకూడదు. మదర్ గారిని అడిగాను. చనిపోయినవాళ్లకు రాసేది ఉత్తరం కిందికి రాదు, ప్రార్థన కిందికి వస్తుంది అన్నారు. అందుకని రాస్తున్నాను.

మంగళవారం చక్రం మీద రెండుసార్లు తట్టిన చప్పుడైంది. నువ్వే అనుకుని తిరిగి తట్టాను. అవతల ఏడుపు వినబడింది. డెబోరా. తనకు చెప్పడానికి మాట రాక నీలాగే తట్టిందట.

ఈ వారం లూచీయమ్మ పండుగ. ఊరంతా రొట్టె ముట్టకుండా ఉడికించిన గోధుమలు తినే రోజు, మఠానికి ఏడాదిలో అన్నిటికన్నా పెద్ద అమ్మకం. పెద్ద గంగాళాల్లో గోధుమలు నాని ఉన్నాయి. నేను మదర్ గారి గది ముందు నిలబడ్డాను, ఎలా అడగాలో తెలియలేదు. ఆవిడే బయటికి వచ్చారు. చేతిలో నీ ఉత్తరాల కట్ట ఉంది. "మొదటి ఉత్తరం నుంచీ నాకు నమస్కారం పెడుతూనే ఉంది. నేను ఒక్కదానికీ జవాబివ్వలేదు" అన్నారు. వంటింట్లోకి వెళ్లి పొయ్యి ఆవిడే ఆర్పారు. సిస్టర్ ప్లాచీదా గోధుమలు వంపి పక్కవీధి అనాథాశ్రమానికి పంపేసింది. మూడు రోజులు మఠం గొట్టంలోంచి పొగ రాలేదు.

నిన్ను తీసుకెళ్లిన రోజున నేను ఈ గోడ ఇవతలే ఉన్నాను. ఏ వీధి మీదుగా వెళ్లావో గంటల చప్పుడును బట్టి అంచనా కట్టుకున్నాను. అంతకన్నా ఏం చెయ్యగలను? చాలా ఏడ్చాను అక్కా.

గురువారం నీ నడక వచ్చింది. పండుగ పూట వచ్చిన జనం ఎక్కువే. డెబోరా గంట సరిగ్గా రెండుసార్లు కొట్టింది. నేను చక్రంలోకి వంగి, "ఈ రోజు ఈ ఇంట్లో పొయ్యి వెలగలేదమ్మా" అన్నాను. ఆ పిల్ల సంత పిల్ల కదా, ఇంకొక్క మాట అడగలేదు. తన జనానికి ఏదో చెప్పింది. ఈసారి ఎవరూ చప్పట్లు కొట్టలేదు.

మధ్యాహ్నం దాటాక మళ్లీ గంట మోగింది. చక్రం తిప్పాను. గిన్నె నిండా పనెల్లెలు, ఇంకా నూనె చిటపటలాడుతోంది. నీనో మామ గొంతు, "ముందు తినమ్మా" అని. తర్వాతి మాట అనలేదు. కాసేపటికి మళ్లీ గంట. లూచీయమ్మ పండుగకు రొట్టె అమ్మరు కనుక చీచో బండి తియ్యలేదట, ఉల్లిపాయ టమాటా కూర ఒక్కటే కుండలో పెట్టి తెచ్చాడు. దుమ్ము లేదండీ సిస్టర్, కడిగి తెచ్చాను అని మెల్లగా చెప్పి వెళ్లాడు. ఆ తర్వాత సారో. వాడూ రొట్టె లేకుండా తిల్లి గిన్నెలో పెట్టి, పైన చీజ్ కొండలా పోశాడు. తిల్లి కనబడనే లేదు. నాకు నవ్వు వచ్చింది, దగ్గు రాలేదు.

నువ్వు రాసిన వరసలోనే వచ్చాయి. ఎవరైనా వాళ్లకు వరస చెప్పారో, ఆ వీధి అలాగే ఉంటుందో తెలియదు. మఠం వాళ్లందరూ తలా కాస్త తిన్నారు, సిస్టర్ ప్లాచీదా తిల్లి రెండుసార్లు వడ్డించుకుంది. నేను చక్రం పక్కన పీట మీద కూర్చుని తిన్నాను. నేను చూడని నీ నడక అంతా నడిచినట్టయింది.

ఈ రోజు గిన్నెలన్నీ బూడిద పెట్టి తోమాను. మఠం పెరట్లో నిమ్మచెట్టు ఉంది, ఒక్కో గిన్నెలో ఒక్కో కాయ వేశాను. వచ్చే గురువారం డెబోరా తీసుకెళుతుంది. చీజ్ తురిమే రేకును వంటింటి బల్ల మీదే ఉంచమని చెప్పాను. నవంబరులో దాన్ని ఎవరూ దాచరు.

అక్కడ అమ్మ కనబడితే అప్పుడు చెప్పని జవాబు ఇప్పుడు చెప్పు. చిన్నది తిన్నదని చెప్పు.

నీ తనీనా